ఓయ్ అంటే ఓడపాలు

మన్మథ నామ సంవత్సరం... జ్యేష్ఠ బహుళ అమావాస్య... సూర్యగ్రహణం!

పొద్దు పొడిచి రెండు గంటలైనా కాలేదు. అంతలోనే ఆకాశం మాడిన రాగిచెంబు అడుగులా నల్లబడింది. నైరుతి నుంచి లేచిన కారుమేఘాలు రాహుగ్రస్తుడైన భాస్కరుణ్ణి మరింత కప్పేశాయి. అవతల నల్లమల కొండల మీద ఉరుము... నేల కడుపులో బండ దొర్లినట్టు! పగలో రాత్రో తెలియక గుడ్లగూబ ఒకటి చింతతోపులోంచి కూసింది. దొడ్లలో మేకలు అరవడం మానేసి ఒకదాని పొట్టకింద ఒకటి తలలు దాచుకున్నాయి.

కొల్లాపురానికి మూడు కోసుల దూరాన, కృష్ణ ఒడ్డున ఉన్న బండరేవు అనే ఊళ్ళో ఒక్క తలుపూ తెరిచి లేదు. గ్రహణం విడిచేదాకా ఎవరూ గడప దాటరు. పొయ్యి రాజేయరు. గుక్కెడు నీళ్ళు ముట్టరు. వీధిలోకి చూసే కన్ను ఒక్కటంటే ఒక్కటి లేదు.

సరిగ్గా అదే అతనికి కావలసింది!

ఊరికి కూతవేటు దూరంలో, నదిలోకి పొడుచుకొచ్చిన గుట్ట మీద ఒక పాడుబడ్డ బురుజు. దాని లోపల మేకపోతు నెత్తురుతో గీసిన మండలం. మండలం నడుమ ఒక నరకపాలం... దాని కనుగుంటల్లో రెండు ఆముదపు దీపాలు! గాలి ఈలలేస్తూ దూసుకొస్తున్నా ఆ దీపశిఖలు వణకడం లేదు. కపాలానికి ఎదురుగా పద్మాసనం వేసుకొని కూర్చున్నాడు కంకాళస్వామి. మెడలో ఎముకల దండ. నుదుట చితాభస్మం. ఎక్కడివాడో, తల్లిదండ్రులు పెట్టిన పేరేమిటో ఆ చుట్టుపక్కల ఎవరికీ తెలియదు. ఎనిమిదేళ్ళ కిందట భార్యను వెంటబెట్టుకొని వచ్చి ఆ బురుజులో దిగాడు. అతని నీడ పడిన దారిలో కూడా జనం నడవరు.

అతని పక్కన ఆ భార్య. పేరు గుర్వమ్మ. జుట్టు విరబోసుకొని ఉంది. కనుపాపలు పైకి పోయి తెల్లగుడ్లు తేలాయి. మెడ నిలవక సుడిగాలిలో గడ్డిపోచలా ఊగుతోంది. ఆరేళ్ళ కిందట ఒక అమావాస్యనాడు కంకాళస్వామి ఆమె దేహంలోకి ఒక మహాపిశాచాన్ని ఆవాహన చేశాడు. ఆ దినం నుంచి ఆమె నోట ఆమె మాట రాలేదు!

మండలం చుట్టూ ఏడు పిండిబొమ్మలు ఉన్నాయి. ఒక్కో బొమ్మలో ఒక్కో మగవాడి తలవెంట్రుక, ఆ మగవాడే తొక్కిన మట్టి.

కంకాళస్వామి మొదటి బొమ్మను కపాలం ముందుకు జరిపాడు.

"పిలువు!"

గుర్వమ్మ పెదవులు విచ్చుకున్నాయి...

"అంజన్నా...!"

*

అంజన్న పుట్టి నడిపేవాడు. వెదురుతో అల్లి తోలు కప్పిన ఆ గుండ్రటి పడవలో మనుషుల్ని, మేకల్ని కృష్ణ దాటించడం అతని పని. నిండు వరదలో కూడా తెడ్డు వదలని మనిషని పేరు. ఆ వేళ తల్లి నాగులమ్మతో, భార్య భద్రమ్మతో చీకటింట్లో కూర్చుని గ్రహణం ఎప్పుడు విడుస్తుందా అని చూస్తున్నాడు.

"అంజన్నా...!"

పిలుపు వీధిలోంచి వచ్చింది. ముగ్గురికీ వినబడింది. అది నాగులమ్మ గొంతు! కానీ... నాగులమ్మ కొడుకు పక్కనే గోడకు ఆనుకొని ఉంది. ఆమె పెదవులు కదల్లేదు!

ముసలామె కొడుకు నోరు మూయడానికి చెయ్యి చాచింది.

"నేను పిలువలే బిడ్డా! పలుకకు...!"

"ఓయ్" అన్నాడు అంజన్న.

అంతే! కళ్ళలో వెలుగు ఆరిపోయింది. మనిషి లేచాడు. గడియ తీశాడు. భద్రమ్మ అతని నడుము పట్టుకొని వేలాడింది. అతను ఆమెను ఒంటిచేత్తో, ఎండుకట్టెను విసిరినట్టు విసిరేశాడు. పదేళ్ళ కాపురంలో ఆమె మీద చెయ్యెత్తని మనిషి! వెనక్కైనా చూడకుండా నడిచిపోయాడు.

భద్రమ్మ పగిలిన మోచేతిని కొంగుతో అదుముకుంటూ వాకిట్లోకి ఉరికింది.

"గడప దాటకే భద్రీ! గ్రహణం! కీడు తగుల్తది!" అరిచింది అత్త.

"కీడు ఇంట్లకే వచ్చి నా మొగణ్ణి తీస్కపాయె అత్తా! ఇంక నాకు గడపేంది?"

ఆమె వీధిలో కాలు పెట్టింది. ఆ రాగిరంగు వెలుతురులో ఆమెకు నీడ పడలేదు. అయినా కాలు వెనక్కి తీయలేదు.

వీధి మలుపులో అరుగు మీద, గ్రహణమైనా ఇంట్లోకి పోని ఒకే ఒక మనిషి కూర్చుని ఉన్నాడు. ఆమె చిన్నాయన, కాటమయ్య.

మూడేళ్ళలో బండరేవులో తొమ్మిది మంది మగవాళ్ళు మాయమయ్యారు. వలసపోయి ఉంటారని ఊరు సరిపెట్టుకుంది. తిరిగొచ్చింది కాటమయ్య ఒక్కడే, మొన్న ఉగాదికి. మోచేతుల దాకా చర్మం కాలి ముడుతలు పడి ఉంది. అతను చెప్పిన మాటలు విని పిచ్చెక్కిందన్నారు. ఆ తర్వాత అతను ఎవరితోనూ మాట్లాడలేదు.

"అంజన్న ఇటే పోయిండు" అన్నాడు కాటమయ్య. "ఓయ్ అన్నడా?"

"అన్నడు చిన్నాయనా! ఏమైతాంది? ఏడికి పోతాండు?"

"ఓయ్ అన్నంత వరకే నాకు గూడ యాదికుంది బిడ్డా. కండ్లు తెరిచెసరికి కాళ్ళ కింద నేల లేదు. ఓడ! బొంబాయి రేవు దాటిన ఓడ... దాని కడుపుల ఉన్న. తాటిచెట్టంత పొయ్యిలు. వాట్లె బొగ్గు ఎత్తిపొయ్యాలె. ఆగితె ఇనుపకడ్డీతోని వాతలు. ఆ మంటల పని చేసెటందుకు ఎవడూ తనంతట తను రాడు. గందుకే గిట్ల పట్టుకపోతరు. నీళ్ళంటె భయంలేనోళ్ళు కావాల్నట. మన రేవోళ్ళ మీద కన్ను పడ్డది. నా పక్కపొంటి పన్జేసినోడు సస్తె సముద్రంల ఇసిరేసిండ్రు... పేరన్న అడగలే. నేను ఒక రేవుల దుంకి ఈది బయటపడ్డ."

"నిన్ను పిలిచింది ఎవలు?"

"మా అమ్మ గొంతు. మా అమ్మ సచ్చి ఇరువయేండ్లాయె!"

"ఇప్పుడు ఏడికి తీస్కపోతరు?"

"ఓడల వాళ్ళు మాట్లాడుకుంటాంటె ఇన్న... బురుజు కింద రేవుకు. పుట్టీల మీద అవతలి గట్టుకు. గాడ అడివిల లారీ పెట్టుకొని మనుషులను కొనే దళారి కూసుంటడు. గట్టు దాటితె మన హైదరాబాదు సర్కారు కాదు, ఆంధ్ర సర్కారు... పోలీసు వేరే. ఇంక దొరకరు."

ఆమె వీధికి రెండువైపులా చూసింది. మూసిన తలుపుల నడుమ అక్కడొకటి, ఇక్కడొకటి బార్లా తెరిచిన తలుపులు. ఒక్కో గడప దగ్గర ఒక్కో ఆడది కూలబడి ఏడుస్తోంది. ఒక్కతీ బయటికి అడుగు పెట్టడం లేదు.

"సోమక్కా! రా!" భద్రమ్మ దగ్గరి గడప మీద ఉన్న సోమమ్మ రెక్క పట్టుకొని లాగింది.

"గ్రహణమే భద్రా..."

"గ్రహణం గడియల ఇడుస్తది. ఓడ ఇడువది! రా!"

సోమమ్మ ఒక్క క్షణం ఆకాశం వంక చూసింది. తర్వాత కొంగు నడుముకు బిగించి గడప దాటింది. ఆమె వెనుక అమృతమ్మ. ఆమె వెనుక మరొకతె. రేవు మలుపు తిరిగేసరికి ఏడుగురయ్యారు. కాటమయ్య అరుగు దిగాడు. వాళ్ళ వెంట నడిచాడు.

*

బురుజు కింద కృష్ణ సుళ్ళు తిరుగుతోంది... పైన ఎక్కడో కురిసిన తొలివానకు నీరు ఎర్రబారి, నెత్తుటి కాలువలా!

ఒడ్డున రెండు పుట్టీలు. వాటిలో ఏడుగురు మగవాళ్ళు శిలాప్రతిమల్లా నిలబడ్డారు. రెప్పలు పడటం లేదు. అంజన్న చేతిలో తెడ్డు అప్పటికే నీటిలో ఉంది. తనను అమ్మే గట్టుకు తానే పడవ నడుపుకుంటూ పోతున్నాడు!

కాటమయ్య నీళ్ళలోకి దూకి ఆ రెండు పుట్టీల తాళ్ళూ పట్టుకున్నాడు. కాలిన అరచేతుల్లో తాళ్ళు కోసుకుపోయాయి. పళ్ళు బిగించి వెనక్కి లాగాడు.

"ఉరకండ్రి బిడ్డా! ఎక్కువసేపు ఆపలేను!"

"ఓ మామా! ఇటు సూడు! నేను!" భద్రమ్మ అరిచింది. "ఏమయ్యా, ఇంటున్నవా...!" సోమమ్మ గుండెలు బాదుకుంది. పుట్టీల్లోని కళ్ళు ఇటు తిరగలేదు.

పైనుంచి వికటాట్టహాసం! బురుజు వాకిట్లో కంకాళస్వామి నిలబడి ఉన్నాడు. కుడిచేతిలో కపాలం, ఎడమచేతిలో గుర్వమ్మ జుట్టు!

"పేరు లేని పిలుపు గాలికి పోతది! ఆ ఏడు పేర్లు నా కపాలంల ఉన్నయి! పోండ్రి! ఇంకొక్క అడుగేస్తె నెత్తురు కక్కుకొని సస్తరు!"

అతను కపాలాన్ని చంకలో ఇరికించుకొని గుప్పెడు భస్మం గాలిలోకి చల్లాడు. ఆకాశం చీలినట్టు మెరుపు! ఫెళఫెళార్భటితో పిడుగు నదిలో పడింది. ఒడ్డునున్న రాళ్ళ సందుల్లోంచి నల్లతేళ్ళు బిలబిలమంటూ బయటికొచ్చాయి. అమృతమ్మ కెవ్వుమని పడిపోయింది. సోమమ్మ ముక్కులోంచి నెత్తురు ధారకట్టింది.

భద్రమ్మ కదల్లేదు.

"దీన్ని పిలువు!" కంకాళస్వామి గర్జించాడు. "దీని పేరు భద్రమ్మ! పిలువు!"

గుర్వమ్మ నోరు తెరుచుకుంది...

"భద్రమ్మా...!"

భద్రమ్మ కింది పెదవిని పళ్ళతో కరిచిపట్టింది.

"భద్రమ్మా...!" ఈసారి అది అంజన్న గొంతు.

పెదవి తెగి నెత్తురు గడ్డం మీదికి కారింది. ఆమె పలకలేదు.

"భద్రీ... నా బంగారు బిడ్డా... జ్వరమొస్తాందే... నీళ్ళియ్యవా...!"

అది ఆమె అమ్మ గొంతు. ఆమెకు తొమ్మిదేళ్ళప్పుడు, ఇదే మాట అంటూ అంటూ కన్నుమూసిన అమ్మ! భద్రమ్మ గుండె కరిగిపోయింది. నాలుక దానంతట అదే కదిలింది. 'ఓ' అన్న అక్షరం గొంతు దాకా వచ్చేసింది...

ఆ క్షణంలో, ఆ తెరుచుకున్న నోటితో ఏం పలకాలో ఆమెకు తోచింది.

ఆ ప్రాంతంలో ఏ ఆడదీ మొగుడి పేరు పలకదు. పలికితే అతని ఆయుష్షు తరిగిపోతుందని నమ్మకం. పెండ్లినాడు అత్తింటి గడప దగ్గర, ఆడబిడ్డలు అడ్డం నిలబడి చెప్పిస్తే సిగ్గుపడుతూ ఒక్కసారి చెప్పడమే. చచ్చేదాకా మళ్ళీ ఆ పేరు నోట రాకూడదు.

"అంజన్నా!" అని అరిచింది భద్రమ్మ.

ఆ కేకకు పిడుగు గర్జన చిన్నబోయింది! నల్లమల కొండలు ఆ పేరును అందుకొని తిరిగి పలికాయి.

"అంజన్నా! నిన్ను పేరువెట్టి పిలిచే హక్కు నాదిరా! వాడెవడు? ఇటు సూడు అంజన్నా!"

తెడ్డు ఆగింది. పుట్టీలో మనిషి రెప్ప వాల్చాడు. ఒక్కసారి... రెండుసార్లు...

"భద్రీ?" అన్నాడు.

బురుజు మీద కపాలంలో ఒక దీపం టప్పున ఆరిపోయింది!

"పిలువుండ్రే!" భద్రమ్మ వెనక్కి తిరిగి కేకేసింది. "మీ మొగోళ్ళను పేరువెట్టి పిలువుండ్రి! ఆయుష్షు పోతె పోనీ... ఓడల సచ్చుడు కన్న ఎక్కువనా?"

సోమమ్మ నెత్తురు తుడుచుకొని లేచింది. "ఎల్లేశం!" అంది. ముందు గుసగుసలా... తర్వాత గొంతు చించుకొని. "ఎల్లేశం...!" తేళ్ళ నడుమ పడివున్న అమృతమ్మ మోచేతుల మీద లేచి తన మొగుణ్ణి పిలిచింది. ఏడు గొంతులు, ఏడు పేర్లు! ఎన్నడూ వినని ఆ పిలుపులకు కృష్ణవేణి ఉలిక్కిపడ్డట్టు అల అల్లంత ఎత్తున లేచింది. పుట్టీల్లో మగవాళ్ళు ఒక్కొక్కరే నిద్రలోంచి లేచినట్టు కళ్ళు నులుముకొని, ఎక్కడున్నారో తెలిసి, కెవ్వున కేకలేసి ఒడ్డుకు దూకారు.

బురుజు లోపల పిండిబొమ్మలు ఒకటొకటిగా పగిలిన చప్పుడు... టప్... టప్... టప్...!

కంకాళస్వామి ముఖంలో మొదటిసారి భయం! ప్రయోగించిన క్షుద్రశక్తి వట్టిచేతులతో వెనక్కి పోదు. ఏడు ప్రాణాలు చూపించి పిలిచాడు. ఒక్కటీ దక్కలేదు. ఆకలిగొన్న ఆ పిశాచం ఇప్పుడు ఎటు తిరుగుతుందో అతనికి తెలుసు!

"పిలువే! మళ్ళ పిలువు! ఎవరినైన సరే... జెప్పన పిలువు!" భార్య జుట్టు పట్టుకొని తలను రాతిగోడకు కొట్టాడు.

గుర్వమ్మ తల ఊగడం ఆగింది. పైకి తేలిన కనుపాపలు మెల్లగా కిందికి దిగాయి. ఆమె కిందున్న ఏడుగురు ఆడవాళ్ళను చూసింది. మొగుళ్ళను గట్టిగా పట్టుకొని, ఆ నిషిద్ధనామాలనే మళ్ళీ మళ్ళీ పలుకుతూ ఏడుస్తున్న ఆడవాళ్ళను! తర్వాత తన జుట్టు పట్టుకున్న చేతిని చూసింది. చెయ్యిగల మనిషిని చూసింది.

"భిక్షం" అంది.

అతను రాయిలా బిగుసుకుపోయాడు.

అతనికి ముందు పుట్టిన నలుగురు పురిట్లోనే పోతే, ఇతనైనా బతకాలని తల్లి ఇల్లిల్లూ తిరిగి భిక్షమెత్తి పెట్టుకున్న పేరు అది. క్షుద్రవిద్య పట్టిననాడు ఆ పేరును పాతిపెట్టాడు. తెలిసినవాళ్ళంతా చచ్చిపోయారు. కానీ ఒకనాడు ఒక గడప దగ్గర, పసుపుబట్టల్లో ఉన్న పదమూడేళ్ళ పిల్ల చేత అతని చెల్లెళ్ళు ఆ పేరు చెప్పించారు.

"వద్దే... గుర్వీ... వద్దు...!"

"భిక్షం!" ఆరేళ్ళ తర్వాత అది గుర్వమ్మ సొంత గొంతు. బొంగురుపోయి, పగిలిపోయి ఉంది. "మా అవ్వగారింట్ల నవ్వుకుంట తిరిగెడి పిల్లను తెచ్చి నా పెయ్యిల దయ్యాన్ని వెడ్తివి కదరా! పదహారు పానాలు నా నోటితోని అడిగిస్తివి! భిక్షం! పలుకు!"

అతను రెండు చేతులతో నోరు మూసుకున్నాడు. ఆ చేతులు వాటంతట అవే విడివడ్డాయి! పెదవులు వణికాయి. దవడ తెరుచుకుంది...

"ఓయ్" అన్నాడు కంకాళస్వామి.

గుర్వమ్మ నోట్లోంచి నల్లని పొగ సుళ్ళు తిరుగుతూ వెలువడింది! అది బురుజంత ఎత్తున లేచి, అతని ముక్కుల్లో, చెవుల్లో, తెరిచిన నోట్లో దూరింది. చంకలోని కపాలం జారి అతని కాళ్ళ దగ్గర భళ్ళున పగిలింది. అతను నడవసాగాడు. గుట్ట దిగాడు. తాను అమ్మేసిన మనుషులు నడిచినట్టే, చేతులు వేలాడేసి, రెప్ప వాల్చకుండా...! కళ్ళలో మాత్రం ప్రాణభయం ఇంకా అతనిదే. ఆ కళ్ళు ఒడ్డునున్న ప్రతి ముఖాన్నీ బతిమాలాయి. ఎవరూ చెయ్యి అందించలేదు.

మోకాలి లోతు... నడుము లోతు... కృష్ణమ్మ నోరు తెరిచినట్టు నడిమధ్యలో సుడిగుండం విచ్చుకుంది. ఎముకల దండ ఒకసారి పైకి తేలింది. అది కూడా మునిగిపోయింది.

మేఘం చెదిరి, సూర్యబింబం అంచు తళుక్కుమంది.

*

ఆ పూటే అంజన్న, కాటమయ్య మరో ఐదుగురిని వెంటేసుకొని అవతలి గట్టుకు పోయారు. లారీ లేదు. దళారి పారిపోయిన దారిలో చక్రాల గుర్తులు మాత్రం మిగిలాయి. ప్రయోగం తెగిన గడియలోనే ఎక్కడెక్కడి ఓడల్లోనో ఉన్న పాతవాళ్ళకు కూడా పారిపోయే ధైర్యం వచ్చిందని తర్వాత తెలిసింది. ఏడాది తిరిగేలోగా నలుగురు ఇల్లు చేరారు. తక్కిన నలుగురి కోసం వాళ్ళ ఆడవాళ్ళు చాలా ఏళ్ళు చూశారు.

మూడోనాడు పొద్దున ఊరంతా చావడి ముందు చేరింది. నడుమ గుర్వమ్మను కూర్చోబెట్టి చేతులు వెనక్కి కట్టారు. కమ్మరి పట్టకారు పట్టుకొని నిలబడ్డాడు. బాణామతి చేసినవాళ్ళ పళ్ళు ఊడబెరికితే మంత్రం పారదని ఆ సీమలో ఆచారం.

"గీమె గొంతే మనోళ్ళను పిలిచింది" అన్నాడు ఊరిపెద్ద సిద్దిరాములు. "పండ్లు ఊడగొట్టి ఊరు దాటియ్యాలె. కానియ్యి!"

కమ్మరి వంగాడు. అతనికీ గుర్వమ్మకూ నడుమ భద్రమ్మ వచ్చి నిలబడింది. తెగిన పెదవి ఇంకా మానలేదు.

"ముందు నా పండ్లు పీకు" అంది.

"పక్కకు జరుగు భద్రమ్మా. నీకేం సంబంధం?"

"వాడు బురుజుల ఎనిమిదేండ్లు కూసున్నడు పెద్దయ్యా. ఒక్కనాడు ఒక్కని నోరు లేవలే. గీ పట్టకారు గప్పుడు ఏడికి పోయింది? మొగడు వెట్టిన దయ్యానికి పెండ్లాం పండ్లు పీకుతరా?"

జనంలో గొణుగుడు మొదలైంది. ఎవరో రాయి అందుకున్నారు. అప్పుడు కాటమయ్య ముందుకొచ్చాడు. కాలిన చేతులు రెండూ అందరికీ కనబడేలా ఎత్తాడు.

"నన్ను పిలిచింది గీ నోరే. పొయ్యిల కాలింది నేను. నాకు లేని కోపం మీకెందుకు?"

రాయి పట్టిన చెయ్యి కిందికి దిగింది. కమ్మరి ఊరిపెద్ద ముఖం చూశాడు, భద్రమ్మ ముఖం చూశాడు, పట్టకారును భుజాన వేసుకొని కొలిమివైపు నడిచిపోయాడు.

"రేపు మళ్ళ దయ్యం లేస్తె?" సిద్దిరాములు ఉరిమి చూశాడు. "ఎవలు చూసుకుంటరు?"

"నా ఇంట్ల ఉంటది. లేస్తె నా ఇంట్లనే లేస్తది. నేను చూసుకుంట."

భద్రమ్మ వంగి ఆ చేతుల కట్లు విప్పింది. గుర్వమ్మ లేవబోయి తూలింది. ఆమె వేళ్ళు భద్రమ్మ మణికట్టును గట్టిగా పట్టుకున్నాయి.

"అక్కా..." అంది. నోరు తెరవడానికి ఇంకా జంకుతున్నట్టు, చాలా మెల్లగా. "ఆకలైతాంది."

ఇద్దరూ చెయ్యీ చెయ్యీ పట్టుకొని జనం నడుమ నుంచే నడిచారు. దారి ఇమ్మని భద్రమ్మ ఎవరినీ అడగలేదు. వాళ్ళే జరిగారు.

ఆ పొద్దున భద్రమ్మ ఇంట్లో జొన్నగట్క ఉడికింది. నాగులమ్మ విస్తరి వేసింది. గుర్వమ్మ మూడుసార్లు అడిగి పెట్టించుకొని తిన్నది.